ఫీబే చేతిలో చీపురు

ఆ ఎండాకాలం మొదట్లో మా ప్రెస్సులో పిల్లల బైబిలు పాఠాల పుస్తకం అచ్చయింది. పదహారో పేజీలో ఫీబే బొమ్మ ఉంది, అపొస్తలుడు పౌలు తన ఉత్తరంలో పరిచారకురాలని రాసిన ఆవిడ. తలమీద ముసుగు, మొహం నిండా వినయం, చేతిలో చీపురు. ఆ పేజీ ప్రూఫు చూసి, మూలన 'సరే' అని రాసి సంతకం పెట్టింది నేనే.

పుస్తకం ఇంటికి తెచ్చిన రోజున అత్త గిన్నెలు కడగడం ఆపి, చేతులు తువ్వాలుకు తుడుచుకుని, వంటింటి గట్టుమీద దాన్ని తెరిచింది. పదహారో పేజీ దగ్గర ఆగింది.

"ఏమే, ఈ చీపురు ఏ అధ్యాయంలో ఉంది?"

"ఏ చీపురు?"

"ఈవిడ చేతిలోది. పౌలు రాసినదాంట్లో నాకెక్కడా కనబడలేదు. నీకు కనబడిందా?"

నాకు నవ్వొచ్చింది. "ఫీబే పరిచారకురాలు కదత్తా. బొమ్మ వేసేవాడు చేతిలో ఏదో ఒకటి పెట్టాలిగా."

"పౌలూ తాను పరిచారకుణ్ణనే చెప్పుకున్నాడు. మరి పన్నెండో పేజీలో ఆయన చేతికి చీపురు ఇవ్వలేదేం? కలం ఇచ్చారు."

పన్నెండో పేజీ తిప్పి చూశాను. నిజంగానే కలం. ఆ రెండు పేజీలూ ఒకే మధ్యాహ్నం, ఒకే కుర్చీలో కూర్చుని దిద్దాను. ఒక్క కామా తేడా వస్తే పట్టుకునే కన్ను నాది. చీపురు మాత్రం పట్టుకోలేకపోయింది.

మా పనిలో చేరిన కొత్తలో మొదట నేర్పేది ఇదే. కన్ను ఉన్న మాటను చదవదు, అలవాటైన మాటను చదువుతుంది. అందుకని అనుమానం వచ్చిన పేరాను చివరి మాట నుంచి మొదటి మాటకు వెనక్కి చదవాలి. అప్పుడు అర్థం తెగిపోయి అక్షరాలు మాత్రం మిగులుతాయి, తప్పులు బయటపడతాయి. నేను పదకొండేళ్ళుగా అందరి రాతలూ అలా వెనక్కి చదివాను, బైబిల్ని తప్ప.

అత్త అంటే మా నాన్నకు అక్క. అమ్మ పోయాక నన్ను పెంచింది ఆవిడే. నా వేలు పట్టుకుని తన బైబిల్లోని పెద్దక్షరాల మీద తిప్పి చదువు నేర్పింది. చర్చి రిజిస్టర్లో ఆవిడ పేరు పక్కన ఇరవై రెండేళ్ళుగా ఒకటే మాట ఉంది: పరిచారకురాలు. పాత పాస్టరుగారు తన చేత్తో రాసిన మాట అది. మగవాళ్ళ పేర్ల పక్కన పరిచారకుడు అని ఉంటుంది. వాళ్ళు ఆదివారం ముందు వరసలో కూర్చుంటారు. అత్త వెనక నుంచుని ఎవరికి నీళ్ళు కావాలో, ఎవరి పిల్ల ఏడుస్తోందో చూస్తుంది. ఆ తేడా రిజిస్టర్లో లేదు. మా కళ్ళలో ఉంది.

ఆ వేసవిలో ఒక ఆదివారం ఆరాధన అయ్యాక పాస్టరుగారు రెండు ప్రకటనలు చేశారు. నెలాఖరుకు చర్చి వ్యవహారాలు నడిపే పెద్దల సంఘం ఎన్నికలు, ఐదు స్థానాలు. కొత్త సంఘం చేసే మొదటి పని వెనక గదులు ఖాళీ చేయించి, ఆ చోట అద్దాల తలుపులున్న ఆఫీసు కట్టడం.

వెనక గదులంటే చర్చి గోడకు ఆనుకుని ఉన్న రెండు రేకుల గదులు. రెండు వీధుల అవతల పెద్దాసుపత్రి ఉంది. అక్కడ రోగి పక్కన ఒక్కరినే ఉండనిస్తారు. మిగతావాళ్ళను గేటు బయటికి పంపేస్తారు. అలా బయట పడ్డ ఆడవాళ్ళు ఈ గదుల్లో ఉంటారు. నాలుగు చాపలు, ఒక స్టవ్వు, బట్టలు ఆరేసే తాడు, బక్కెట్టు ఎవరికి ఎప్పుడో గోడమీద సుద్దతో రాసిన వరస. తాళంచెవి అత్త దగ్గర. ఎవరి మొగుడికి ఏ వార్డో, ఎవరి బిడ్డకు రేపు ఆపరేషనో ఆవిడకు కంఠతా వచ్చు.

సోమవారం పొద్దున అత్త ఒక తెల్లకాగితం మీద నామినేషన్ రాసి పాస్టరుగారి చేతికి ఇచ్చింది. ఇరవై రెండేళ్ళుగా ఈ చర్చిలో పరిచారకురాలిని, ఏడో నియమం ప్రకారం నిలబడుతున్నాను, అని రెండే వాక్యాలు.

చర్చి నియమావళిలో ఏడో నియమం చిన్నది. పదేళ్ళకు తక్కువ కాకుండా పరిచారకులుగా పనిచేసినవారు పెద్దల సంఘానికి నిలబడవచ్చు. ఆ నియమావళి అచ్చయింది మా ప్రెస్సులోనే, తొమ్మిదేళ్ళ కింద. ప్రూఫులు నేనే దిద్దాను.

నాన్న ఆ రోజు కంచం ముందు కూర్చుని చాలాసేపు ఏమీ తినలేదు. ఆయన రెండుసార్లు సంఘం పెద్దగా గెలిచాడు, మూడోసారి నిలబడుతున్నాడు.

"అక్కా, ఈ వయసులో నీకెందుకివన్నీ?"

"గదులు పడగొడతామన్నప్పుడు వద్దని చెయ్యెత్తడానికి. బయట నుంచుని మొత్తుకుంటే ఎవరికీ వినబడదు. లోపల కూర్చుని చెయ్యెత్తితే మినిట్సు పుస్తకంలోకి ఎక్కుతుంది."

"ఏడో నియమం పరిచారకులకి పెట్టింది."

"మరి నేనెవర్ని?"

"నువ్వు..." నాన్న నీళ్ళు నమిలాడు. "పరిచారకురాలివి."

అత్త ఆయన వంక ఎగాదిగా చూసింది. "ఒరేయ్, ముప్ఫై ఏళ్ళు బడిలో పిల్లలకి బహువచనాలు చెప్పింది నువ్వేనా?"

నాన్నను ఊళ్ళో అందరూ వ్యాకరణం మాస్టారంటారు. ఉపాధ్యాయులు అంటే మగవాళ్ళూ ఆడవాళ్ళూ, కార్మికులు అంటే అందరూ, మన భాషలో బహువచనానికి మగా ఆడా తేడా లేదు అని నాకు బెత్తం చూపించి మరీ నేర్పినవాడు. ఆ పూట ఆయన మజ్జిగ గ్లాసులోకి చూస్తూ కూర్చున్నాడు. చదువుకున్న మనిషి తనకు బాగా తెలిసిన సంగతిని తెలియనట్టు నటిస్తే ఎంత అసహ్యంగా ఉంటుందో మొదటిసారి చూశాను.

మూడు రోజుల తర్వాత అత్తను పిలిపించారు. తోడుగా నేనూ వెళ్ళాను. చర్చి పక్కగదిలో పొడవాటి బల్ల, దానికి ఒకవైపు పాస్టరుగారు, పెద్దల సంఘంలోని ప్లీడరుగారు, నాన్న. మా ఇద్దరికీ గుమ్మం దగ్గర బెంచీ. ప్లీడరుగారు కోర్టు మానేసి ఆరేళ్ళయింది కానీ కోర్టు ఆయన్ని మానలేదు. ఎదుటి మనిషి నోరు తెరవకముందే అభ్యంతరం చెప్పేవాడు.

పాస్టరుగారు మంచి మనిషి. ఆ మాట ఇప్పుడూ అంటాను. ఆయన ఎంతో ప్రేమగా మొదలుపెట్టారు.

"అమ్మా, ఫీబే ఎంత గొప్ప భక్తురాలండీ! సంఘం కూడే చోటు తుడిచి, కడిగి, వచ్చినవాళ్ళ పాదాలు కడిగి, అంత చేసినా ఏనాడూ పదవి అడగలేదు."

"కడిగినట్టు ఎక్కడుంది పాస్టరుగారూ?"

"ఇక్కడే." ఆయన బైబిలు తెరిచి, రోమీయుల పత్రిక, అంటే రోములోని విశ్వాసులకు పౌలు రాసిన ఉత్తరం, చివరి అధ్యాయం మీద వేలు పెట్టారు. వేలు కిందికి జరిగింది. మళ్ళీ పైకి వెళ్ళింది. పేజీ వెనక్కి తిప్పారు. ముందుకు తిప్పారు. "ఉండాలే. ఇక్కడే ఎక్కడో ఉండాలి" అన్నారు.

ఆయన నాటకమాడటం లేదు. నిజంగానే వెతుకుతున్నారు. ముప్ఫై ఏళ్ళుగా ఆ చోటు మీద ప్రసంగాలు చేసిన మనిషికి, అందులో కడగడమూ బక్కెట్టూ లేవని ఆ రోజే తెలిసింది. తెలిశాక ఏం చేశారు? పుస్తకం మూసి, "ఏమైనా భావం అదేనమ్మా" అన్నారు.

ప్లీడరుగారు అందుకున్నాడు. "ఆవిడ పౌలు ఉత్తరం పట్టుకెళ్ళింది. అంటే పోస్టు పని. కోర్టు సమన్లు తెచ్చిన బంట్రోతు జడ్జి కుర్చీలో కూర్చుంటానంటే ఎలా?"

"ఉత్తరం తెచ్చిందని నాకూ ఎవరో చెప్పిందే. అదీ అక్కడ రాసి లేదు. రాసి ఉన్నది పరిచారకురాలు అని. మగవాళ్ళకి ఇదే మాట ఇంకో పత్రికలో ఉంటే మీరు కుర్చీ వేశారు. ఫీబేకి ఉంటే చీపురిచ్చారు. మాట ఒకటే కదండీ?"

"మగవాళ్ళ దగ్గర అది పదవి. ఆడవాళ్ళ దగ్గర అది సేవ. సందర్భాన్ని బట్టి చదువుకోవాలి."

"ఏ సందర్భం?"

"అదే... ఆడవాళ్ళ సందర్భం."

నాన్న కళ్ళజోడు తీసి తుడుచుకోవడం మొదలుపెట్టాడు. అది శుభ్రంగానే ఉంది.

అత్త గొంతు పెంచలేదు. "ఒక్కటడుగుతాను పాస్టరుగారూ. పాపులు అని మీరు చదివినప్పుడు నేను అందులో ఉన్నానా, లేనా?"

ఆయన మొహం విప్పారింది. "ఉన్నారమ్మా. అందరం ఉన్నాం."

"విశ్వాసులు అన్నప్పుడు?"

"ఉన్నారు. సందేహమేముంది?"

"మరి పరిచారకులు అనేసరికి ఎటు పోయాను?"

ప్లీడరుగారు అభ్యంతరం వెతుక్కున్నాడు, దొరకలేదు. పాస్టరుగారు "ప్రార్థన చేసుకుందాం" అని కళ్ళు మూసుకున్నారు. ముగ్గురూ మూసుకున్నారు. నేనూ అత్తా తెరిచే ఉంచాం. ఆ మూసిన కళ్ళు చూస్తుంటే నాకు రోత పుట్టింది. వాళ్ళు అబద్ధమాడి ఉంటే అంత రోత పుట్టేది కాదు. అబద్ధమాడేవాడికి నిజమేదో తెలుసు. వీళ్ళకు నిజంగానే చీపురు కనబడుతోంది. ఎవరి ఇంట్లో వాళ్ళు రోజూ చూసిన ఆడమనిషినే ఆ పేజీలో చూసి, అదే దేవుడు రాయించాడనుకుంటున్నారు.

ఆ వారం ఒక మధ్యాహ్నం నాన్న ప్రెస్సుకు వచ్చాడు. ఎప్పుడూ రాడు, సిరా వాసన పడదు. నా బల్ల పక్కన స్టూలు లాక్కుని కూర్చుని, జేబులోంచి ఒక కాగితం తీశాడు. అందులో ఇలా ఉంది:

తప్పొప్పుల పట్టిక. ఏడో నియమం. తప్పు: పరిచారకులుగా. ఒప్పు: పురుష పరిచారకులుగా. అచ్చులో జరిగిన పొరపాటుకు చింతిస్తున్నాము. ఈ చీటీని సంబంధిత పేజీలో అతికించుకోగలరు. ప్రూఫులు దిద్దినవారు.

దాని కింద చుక్కలు. చుక్కల మీద నా సంతకం కావాలి.

"ఇది అచ్చుతప్పు కాదు నాన్నా."

"ఒక్క మాటేగా."

"రాతప్రతి బీరువాలో ఉంది. మీ చేతిరాతే. అందులో పురుష అన్న మాట లేదు."

"రాతప్రతి ఎవరడుగుతారు?" ఆయన గొంతు తగ్గించాడు. మిషను మోగుతూనే ఉంది, తగ్గించాల్సిన పని లేదు. "చూడు, అక్క నిలబడితే ఓడిపోతుంది. అంతమందిలో ఓడిపోవడం కంటే ఇలా మర్యాదగా తప్పుకోవడం నయం కదా? దాని మంచికే."

"గదుల సంగతో?"

"గదులు నేను చూసుకుంటా. లోపల నేనుంటాగా. నా మాట కాదనరు." నా చేతిమీద చెయ్యి వేశాడు. "నీ మీద ఒట్టు."

పదకొండేళ్ళలో నేను చెయ్యని తప్పును ఒప్పుకున్నది లేదు. ప్రెస్సాయన ఎన్నిసార్లు కేకలేసినా రాతప్రతి తెచ్చి బల్లమీద పెట్టేదాన్ని. అలాంటిది ఆ రోజు మనసులో లెక్కలు వేసుకున్నాను. అత్తకు గదులు కావాలి, కుర్చీ కాదు. గదులు ఉంటే చాలు. నాన్న ఒట్టు వేశాడు. ఇలా నాకు నేను చెప్పుకుంటూ ఎర్ర కలం తీశాను. నల్లది పక్కనే ఉంది. ఎర్రది ఎందుకు తీశానో తెలియదు, దిద్దేటప్పుడు అదే అలవాటు.

ఎన్నికల రోజున చర్చి నిండిపోయింది. నేను సంచిలో రాతప్రతి పెట్టుకుని వెళ్ళాను. ఎందుకు తీసుకెళ్ళావంటే సమాధానం లేదు. లేచి నిలబడదామనే అనుకుని ఉంటాను. వెనక గదుల ఆడవాళ్ళు నలుగురైదుగురు గుమ్మం దగ్గర నుంచున్నారు. వాళ్ళకు ఓటు లేదు. అత్త నిలబడుతోందని చూడటానికి వచ్చారు.

ప్లీడరుగారు చీటీ చదివాడు. అచ్చుతప్పు బయటపడినందువల్ల ఒక నామినేషన్ చెల్లదని చెప్పాడు.

అత్త లేచింది. "ఆ చీటీ ఒకసారి ఇస్తారా?"

ఇచ్చారు. కళ్ళకు దూరంగా పట్టుకుని చదివింది. పైనుంచి కిందికి, ఏ తొందరా లేకుండా. ఎర్ర సంతకం దగ్గర ఆమె కళ్ళు ఆగాయి. నా వైపు తిరుగుతుందనుకున్నాను. తిరగలేదు.

"మా పిల్ల సంతకమే" అంది. "అది తప్పని దిద్దిందంటే ఇక నేను మాట్లాడేదేముంది?"

చీటీని మడిచి తన బైబిల్లో పెట్టుకుని కూర్చుంది.

"ఇంకెవరైనా ఏమైనా చెప్పాలా?" అన్నారు పాస్టరుగారు.

నా చెయ్యి సంచిలో ఉంది. వేళ్ళకు పాత కాగితం గరుగ్గా తగిలింది. పక్కనున్నావిడ ఒత్తిగిలి చోటిచ్చింది, నేను లేస్తాననుకుందేమో. నేను సంచి జిప్పు వేసుకున్నాను.

నాన్న గెలిచాడు. ఎనిమిది రోజులకు కొత్త సంఘం మొదటిసారి కూర్చుంది. వెనక గదులు ఖాళీ చేయించడానికి ఐదు చేతులు లేచాయి. ఐదోది ఆయనదే.

"అందరూ ఎత్తాక నేనొక్కణ్ణి ఎత్తకపోతే ఏం బాగుంటుంది?" అన్నాడు ఇంటికొచ్చి, కాళ్ళు కడుక్కుంటూ.

"నా మీద ఒట్టేశారు."

"ప్రయత్నం చేస్తానన్నాను."

చూసుకుంటా అన్నాడు. ప్రయత్నం చేస్తానన్నది ఎక్కడా లేదు. కానీ ఆయన మొహంలో తడబాటు కూడా లేదు. అన్న మాటను కూడా ఆయన తనకు కావలసినట్టే చదువుకున్నాడు, బైబిల్ని చదువుకున్నట్టు. ఆ రోజు నుంచి ఆయన కంచంలో వడ్డించి వెంటనే అవతలికి వెళ్ళిపోతున్నాను. ఆయన నమిలే చప్పుడు కూడా భరించలేను. కన్నతండ్రి గురించి ఇలా రాయకూడదంటారు. రాస్తున్నాను.

అత్త పెట్టె సర్దుకుంది. స్టవ్వూ నాలుగు చాపలూ బండిమీద వేయించింది.

"ఎక్కడికి అక్కా?" అన్నాడు నాన్న గుమ్మంలో నుంచుని.

"పరిచారకురాలికి పనికేం తక్కువ?" అంది. నా తలమీద చెయ్యి వేసి, "స్టవ్వు మీద పాలున్నాయి, చూసుకో పిల్లా" అని వెళ్ళిపోయింది. ఒక్క తిట్టు తిట్టినా ప్రాణం కుదుటపడేది.

తొలి వాన కురిసిన రోజున అత్త దగ్గరికి వెళ్ళాను. ఆసుపత్రి వెనక లాండ్రీ ఉంది, దాని యజమాని పాత బట్టలు వేసే షెడ్డు ఇచ్చాడట. రేకుల మీద వాన హోరు. లోపల ఆరుగురు ఆడవాళ్ళు, రోగుల్ని చూడటానికి లోపలికి వదిలే నాలుగింటి ఆసుపత్రి గంట కోసం చూస్తూ కూర్చున్నారు. గోడమీద బక్కెట్టు వరస సుద్దతో రాసి ఉంది. అత్త నన్ను చూసి చాప మీద చోటు చూపించింది.

నేను రాతప్రతి తీసి ఆవిడ ఒళ్ళో పెట్టాను. "అత్తా, అది అచ్చుతప్పు కాదు."

"తెలుసు."

"ఎలా తెలుసు?"

"మీ నాన్న ఈ నియమాలు రాస్తుంటే పక్కన కూర్చుని చెప్పింది నేనే. ఏడోది నేను చెప్పిన మాటే. ఇప్పుడు పనికొస్తుందని అప్పుడనుకోలేదు గానీ."

"మరి ఆ రోజు ఎందుకు కూర్చున్నారు? ఒక్క మాట అంటే సరిపోయేదిగా?"

"ఏమనమంటావు? మా పిల్ల అబద్ధం రాసిందని అంతమందిలో అనమంటావా? నాకు నోరు రాలేదు." కాగితం మడిచి నాకే ఇచ్చేసింది. "సరేలే. నా కళ్ళజోడు మొన్న బండి దింపుతుంటే విరిగింది. గంట కొట్టేలోపు వీళ్ళకి రోజూ ఒక అధ్యాయం చదువుతాను. ఇవాళ నువ్వు చదివిపెట్టు."

బైబిలు నా చేతిలో పెట్టింది. నాకు అక్షరాలు నేర్పిన బైబిలు. గుర్తుగా పెట్టిన దారం దగ్గర తెరిచాను. రోమీయుల పత్రిక చివరి అధ్యాయం.

చదవడం మొదలుపెట్టాను. మొదటి వాక్యంలోనే ఫీబే వచ్చింది. ఆమె పేరు కింద, అంచుల చుట్టూ శ్రద్ధగా జిగురు రాసి, ఆ చీటీ అతికించి ఉంది. సంబంధిత పేజీలో అతికించుకోగలరు అని అందులో రాసి ఉందిగా.

నేను ఆగిపోయాను.

"ఆగావేం?" అంది అత్త. "అక్కడ ఏముంటే అది చదువు."

చదివాను. తప్పు, ఒప్పు, పొరపాటుకు చింతిస్తున్నాము, అన్నీ చదివాను. ప్రూఫులు దిద్దినవారు అని చదివాను. ఆ కింద ఎర్రసిరాలో ఉన్న నా పేరు చదివాను. నా నోట్లో నా పేరు పాచిపోయిన వస్తువులా తగిలింది.

ఆడవాళ్ళలో ఒకామె, మొగుడు పదిహేను రోజులుగా మంచం మీద ఉన్నామె, మోకాళ్ళ మీద నుంచి తల ఎత్తింది. నా పేరు ఆమెకు తెలియదు.

"అదెవరండీ, బైబిల్లో ఆవిడ?" అని అత్తను అడిగింది.

అత్త నా వైపు చూడలేదు.

"ఆవిడా?" అంది. "ఫీబే చేతికి చీపురిచ్చినావిడ."